మామూలుదే వెయ్యండి

పోయిన వారం పెరంబూరులో బండి రిపేరుకిచ్చి షెడ్డు ముందు ప్లాస్టిక్ స్టూలు మీద కూర్చున్నాను. మెకానిక్ కుర్రాడు గ్రీజు పట్టిన సామాన్లన్నీ ఒక రేకు డబ్బాలో వేసి, కిరసనాయిలు పోసి, పాత టూత్ బ్రష్‌తో రుద్దడం మొదలుపెట్టాడు. అంతే, చూస్తున్న ఫోన్ బ్యాగులో పడేశాను. ఈ కాలంలో కిరసనాయిలు వాసన ఎక్కడ తగులుతుంది చెప్పండి. గ్యాసు వచ్చాక వంటింట్లోంచి పోయింది, ఇన్వర్టర్లు వచ్చాక లాంతర్లతో పాటే పోయింది. నాకు మాత్రం అది నాన్న చొక్కా వాసన.

నాన్నకి షావుకారుపేటలో చిన్న ప్రెస్సు ఉండేది. మింట్ స్ట్రీట్ లోంచి పక్కకి చీలే ఒక సందు, ఎదురుగా చేతిబండి వస్తే మనిషి గోడకి అతుక్కుని నిలబడాల్సినంత సందు, అందులో కింద ప్రెస్సు, పైన మా కాపురం. చుట్టూ మార్వాడీ కొట్లు, స్టీలు సామాన్ల కొట్లు, మధ్య మధ్యలో నెల్లూరు నుంచో, గూడూరు నుంచో ఎప్పుడో వచ్చి పాతుకుపోయిన మాలాంటి తెలుగు ఇళ్ళు. గాలి ఇటు తిరిగిందంటే కొత్వాల్ చావిడి మార్కెట్ మొత్తం మా ఇంట్లోకి వచ్చేసేది. మగ్గిన క్యాబేజీ, ఉల్లిపాయలు, తడి గోనెసంచులు. దాని మీద ప్రెస్సు ఇంకు, కిరసనాయిలు. ఈ వాసనల్లోనే మేం ఎక్కాలు కంఠతా పట్టాం.

కంప్యూటర్లు రాని రోజులు. సీసం అక్షరాలు ఒక్కొక్కటీ ఏరి, ఎడమ చేతిలో కంపోజింగ్ స్టిక్కు పట్టుకుని అందులో పేర్చడమే. ఇంగ్లీషుకైతే అక్షరాలు తక్కువ. తెలుగుకి గుణింతాలు, ఒత్తులు, అన్నీ వేరే వేరే దిమ్మలు, వాటికన్నింటికీ గళ్ళు. మా కంపోజిటర్ తాత కళ్ళు మూసుకుని కూడా ఏ గడిలో ఏముందో చెప్పేవాడు. వత్తు ణ అరుదుగా వస్తుంది గనక దాన్ని పై మూల గడిలో పెట్టేవాడు, అది కావాల్సి వచ్చినప్పుడల్లా ఆయన భుజం పట్టేసేది, 'ఈ విషణ్ణ వదనాలు ఎవడు రాయమన్నాడ్రా' అని విసుక్కునేవాడు. అక్షరాలు అద్దంలో చూసినట్టు తిరగేసి ఉంటాయి కదా, బడిలో చేరకముందే నాకు చదవడం రెండు వైపుల నుంచీ వచ్చేసింది.

అచ్చు అయిపోయాక ఆ అక్షరాలన్నింటినీ కిరసనాయిలుతో బ్రష్ పెట్టి కడిగి, మళ్ళీ ఏ గడివి ఆ గడిలో వేసెయ్యాలి. దాన్ని డిస్ట్రిబ్యూషన్ అనేవారు. పెళ్ళి శుభలేఖ అయినా, చీటీల కంపెనీ రసీదు పుస్తకమైనా, గుడి ఉత్సవం కరపత్రమైనా సాయంత్రానికల్లా విడగొట్టేసేవాళ్ళు, ఎందుకంటే అక్షరాలు అన్ని ఉండేవి కావు. ఒక్కటి మాత్రం ఎప్పుడూ విడగొట్టలేదు. పురికొస దారంతో నాలుగు పక్కలా బిగించి కట్టి, గ్యాలీ అనే రేకు పళ్ళెం మీద పెట్టి, అడుగు అరలో తోసి ఉంచేవారు. అది చావు కార్డు మ్యాటరు.

పేరు, తేదీ, తిథి, ఊరు, కింద కొడుకుల కూతుళ్ళ పేర్లు, ఇవి మార్చడమే. మిగతాదంతా అలాగే ఉండేది. 'తెలియజేయుటకు మిక్కిలి విచారించుచున్నాము' అన్న లైను మా ప్రెస్సులో ఎన్ని ఇళ్ళకి వెళ్ళిందో దేవుడికే తెలియాలి. ఆ లైనులో అక్షరాలు అరిగి అరిగి మొహం చదునైపోయి, మిగతా వాటికంటే లావుగా పడేవి. కంపోజిటర్ తాత కొత్తవి వేద్దామంటే నాన్న 'ఉండనీ' అనేవాడు. పిసినారితనమని అమ్మ అనేది. అదీ కొంత ఉండే ఉంటుంది.

*

చావు కార్డు కోసం వచ్చేవాళ్ళని సందు మొదట్లోనే గుర్తుపట్టొచ్చు. కర్మ చేసేవాడు బయటికి రాడు కాబట్టి అల్లుడో, పెదనాన్న కొడుకో, పక్కింటాయనో వచ్చేవాడు. గడ్డం మాసి, ఏదో చీటీ చేతిలో నలుపుకుంటూ, బోర్డు చూసి కూడా లోపలికి రావాలా వద్దా అన్నట్టు నిలబడేవాడు. నాన్న 'అయ్యో పాపం' అనడం నేనెప్పుడూ వినలేదు. స్టూలు లాగి, మీద కాగితం ముక్కలు దులిపి, 'కూర్చోండి' అనేవాడు. ఎదురు కొట్లోంచి టీ తెప్పించేవాడు. తర్వాత నోటుపుస్తకం తీసి అడగడం మొదలుపెట్టేవాడు.

పేరు, వయసు, ఏ రోజు, ఏ వేళప్పుడు, పక్షం ఏది. ఇంతవరకూ కార్డుకి కావాల్సినవి. ఆ తర్వాత 'ఏం చేసేవారు? ఎప్పుడొచ్చారు మద్రాసు? మొదట ఎక్కడుండేవారు?' అని కార్డులో ఎక్కడా రాని ప్రశ్నలు వేసేవాడు. ఆ వచ్చినాయన మొదట ముక్తసరిగా చెప్పేవాడు. టీ సగమయ్యేసరికి, హార్బర్‌లో కూలీగా చేరి మేస్త్రీ అయిన సంగతి, కొండిత్తోపులో మొదటి గది అద్దె సంగతి, ఒక్క కొడుకు మిలిటరీకి వెళ్తానంటే అన్నం మానేసిన సంగతి, అన్నీ బయటికొచ్చేవి. నేను మూల కూర్చుని కట్ చేసిన కాగితం అంచులతో పడవలు చేసుకుంటూ వినేదాన్ని. మా పేటలో సగం మంది జీవితకథలు నాకు వాళ్ళు పోయాకే తెలిశాయి.

ఏ ఇంటికి ఆ మాట పడాలని నాన్నకి పట్టింపు. శైవులైతే శివైక్యం, వైష్ణవులైతే పరమపదం, చర్చికి వెళ్ళేవాళ్ళైతే ప్రభువునందు నిద్రించారు. ఒకసారి కొత్త కుర్రాడు నామాలవారి ఇంటి కార్డుకి కైలాస సమారాధన అని వేసేశాడు, ప్రూఫులో పట్టుకున్నారు కాబట్టి సరిపోయింది. నాన్న ఆ రోజు భోజనానికి కూడా పైకి రాలేదు, అరలోవన్నీ ఒకసారి తీసి సరిచూసుకున్నాడు.

ఈ కార్డులకి బేరం ఉండేది కాదు. వాళ్ళూ అడిగేవారు కాదు, నాన్నా ఎక్కువ వేసేవాడు కాదు. నల్ల బోర్డరు, పల్చటి కార్డు, బుక్ పోస్టులో ఊళ్ళకి చేరి, చుట్టాలు బయల్దేరి పదో రోజుకి రావాలి గనక మూడు నాలుగు రోజుల్లోపే చేతికివ్వాలి. మిషను మీద కూడా ఒక వరస ఉండేది. చావు కార్డు దించిన వెంటనే శుభలేఖ ఎక్కించేవాడు కాదు, మధ్యలో ఏదో ఒక బిల్ బుక్కు వేసేవాడు. బిల్ బుక్కు పని లేకపోతే ఊరికే తెల్లకాగితాలు నాలుగు నొక్కి తీసేవాడు. శుభలేఖల కట్టలు పైకొచ్చి దేవుడి ముందు పసుపు రాయించుకునేవి. ఇవి మెట్లెక్కకూడదని అమ్మ రూలు. కట్ట కట్టి చేతికిచ్చాక ఎవరికైనా 'మళ్ళీ రండి' అంటాం కదా, వీళ్ళకి నాన్న ఏమీ అనకుండా గుమ్మం దాకా వెళ్ళి నిలబడేవాడు. వాళ్ళూ వెళ్ళొస్తామనేవారు కాదు.

*

ఒకాయన బాగా గుర్తు. కాలేజీ లెక్చరర్, పొందిగ్గా ఉండేవాడు, చేతి వాచీ లోపలి వైపుకి పెట్టుకునేవాడు. భార్య పోయింది, చిన్న వయసు. వేరే ఎవరినీ పంపకుండా తనే వచ్చాడు. నాన్న నోటుపుస్తకం తీస్తుంటే, జేబులోంచి నాలుగు మడతల కాగితం తీసి 'ఇది వెయ్యాలండీ, మామూలు కార్డు మ్యాటరు వద్దు' అన్నాడు. ఆమె గురించి తనే రాసుకున్నాడు. కవిత్వంలా ఉంది. సన్నజాజులు, వాన, ఖాళీ కుర్చీ, అలాంటివన్నీ ఉన్నాయి. బాగానే ఉంది కూడా, నాకు అర్థం కాకపోయినా కంపోజిటర్ తాత పేరుస్తూ పేరుస్తూ ఒకచోట ఆగి కళ్ళజోడు తుడుచుకున్నాడు.

సాయంత్రం ప్రూఫు చూడ్డానికొచ్చాడు. తడి కాగితం మీద రోలరు నొక్కి తీసిన ప్రూఫు, ఇంకా ఇంకు ఆరలేదు. నిలబడే చదివాడు. మళ్ళీ మొదటి నుంచి చదివాడు. బల్ల మీద పెట్టేసి 'ఇది వద్దండీ, నేనే చదవలేకపోతున్నాను. మామూలుదే వెయ్యండి' అన్నాడు. నాన్న ఎందుకని అడగలేదు. కిందికి వంగి అడుగు అరలోంచి గ్యాలీ లాగి, పాత పేరు అక్షరాలు పట్టకారుతో తీసి పక్కన పెట్టి, ఆమె పేరు అడిగాడు. రెండోసారి అడిగినట్టు కాకుండా, మొదటిసారే అడుగుతున్నట్టు. ఆయన ఇంటిపేరుతో సహా చెప్పాడు. ఈసారి ప్రూఫు ఒక్కసారే చదివి, తిథి దగ్గర వేలు పెట్టి సరిచూసి, సంతకం పెట్టి వెళ్ళిపోయాడు.

ఆయన కాగితం గోడకున్న తీగకి గుచ్చి ఉండేది చాలా ఏళ్ళు. అప్పుడు నాకు ఆయన మీద జాలి కాదు, నిరాశ కలిగింది, అంత బాగా రాసుకుని అరిగిపోయిన మ్యాటరు వేయించుకున్నాడేమిటా అని. ఇప్పుడనిపిస్తుంది, రాసుకున్నదాన్ని ఆయన ఒక్కడే మొయ్యాలి. ఆ అరలోది అప్పటికే ఊరంతా మోసింది.

*

అవ్వ, అంటే నాన్న వాళ్ళమ్మ, నెల్లూరు మనిషి. ఉత్తరం వస్తే ముందు అంచులు చూసేది. నాలుగు మూలలా పసుపుంటే లోపలికి తెచ్చి చదివించుకునేది. నల్ల సిరా పూసి ఉందంటే పోస్ట్‌మ్యాన్ చేతిలోంచి తీసుకునేదే కాదు, 'చదువు నాయనా' అని గుమ్మంలోనే నిలబడేది. తమిళ పోస్ట్‌మ్యాన్ తెలుగేం చదువుతాడు, నన్ను కేకేసేవారు. నేను బయట మెట్టు మీద నిలబడి పైకి చదవాలి. చదవడం అవగానే చింపి కాలవలో వెయ్యాలి. ఆ తర్వాత ఇద్దరం తలారా నీళ్ళు పోసుకోవాలి. స్కూలు టైముకి నల్ల ఉత్తరం వచ్చిందంటే ఆ పూట బడికి లేటే. టెలిగ్రామ్ అయితే ఇంకా దారుణం, 'సీరియస్, వెంటనే బయలుదేరు' అని వస్తే సీరియస్ అంటే ఏమిటో అందరికీ తెలుసు, అయినా నెల్లూరు దాకా రైల్లో దేవుళ్ళకి మొక్కుకుంటూ వెళ్ళేవాళ్ళం. ఆ టెలిగ్రామే 2013లో ఆగిపోయింది, ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు.

అసలు చెప్పొచ్చేది వేరే. తాత పోయినప్పుడు అవ్వకి వాళ్ళక్క ఒక ఉత్తరం రాయించి పంపింది. అక్కకి చదువు రాదు, ఊళ్ళో బడి అయ్యవారు రాసిపెట్టాడు. పరామర్శ ఉత్తరం కూడా ఇంట్లో ఉండకూడదు గనక దాన్నీ చింపేశారు. కానీ అవ్వకి అది మొత్తం నోటికొచ్చు. మధ్యాహ్నం పూట చింతపండు గింజలు తీస్తూ ఉన్నట్టుండి అప్పజెప్పేది. 'చిరంజీవి సౌ' అని మొదలుపెట్టబోయి ఆ అయ్యవారు సౌ కొట్టేశాడట, ఆ కొట్టేసిన గీత కూడా చెప్పేది. 'ఈశ్వరేచ్ఛకి ఎదురులేదు. ఎంత ఏడ్చినా పోయినవారు రారు. ఏడవకుండా ఉండమని నేను చెప్పను. పిల్లల మొహం చూసి అన్నం తిను. దొడ్డి తలుపు గడియ సరిగ్గా పడదు కదా, రోకలి అడ్డం పెట్టుకుని పడుకో. దాసరి వెంకన్న గుడి తిరునాళ్ళకి వస్తాను.'

ఇంతే ఉత్తరం. అందులో సగం ఏ పరామర్శ ఉత్తరంలోనైనా ఉండే మాటలే, ఆ అయ్యవారు ఊళ్ళో అందరికీ అవే రాసి ఉంటాడు. రోకలి సంగతి ఒక్కటి అక్కది. అవ్వ రెండింటినీ ఒకే గొంతుతో చెప్పేది. ఒకసారి నేను 'అవ్వా, ఈశ్వరేచ్ఛ అని అందరూ రాస్తారు గదా' అన్నాను తెలివిగా. 'రాయకపోతే ఏం రాస్తారమ్మీ, లెక్కలు రాస్తారా' అంది.

*

మా సందు దాటి ఉత్తరంగా వెళ్తే మూలకొత్తలం శ్మశానం. అటు పోయే శవయాత్రలు పెద్ద రోడ్డు మీదుగా వెళ్ళేవి, డప్పులు సందు చివర వినపడగానే పిల్లలందరం పరుగు. పూలు రోడ్డంతా చల్లుకుంటూ, టపాసులు కాలుస్తూ, ముందు కుర్రాళ్ళు ఆడుతూ వెళ్ళేవారు. మా నెల్లూరు చుట్టాలు వచ్చినప్పుడు చూసి ముక్కున వేలేసుకునేవారు, చావా జాతరా అని. గోడల మీద పోస్టర్లు, పోయినవాళ్ళ ఫొటోతో, 'కణ్ణీర్ అంజలి', అంటే కన్నీటి నివాళి, అని పెద్ద తమిళ అక్షరాలతో. నాన్న వాటిని ప్రెస్సు మనిషిగా చూసేవాడు. బోర్డరు మందమైంది, ఫొటో బ్లాకు సరిగ్గా పడలేదు, అని.

చావు జరిగిన ఇంటి ముందు షామియానా కింద ఆడవాళ్ళు గుండ్రంగా కూర్చుని, ఒకరి భుజాల మీద ఒకరు చేతులేసుకుని ఊగుతూ ఒప్పారి పెట్టేవారు. ఒకామె ఎత్తుకుంటే మిగతావాళ్ళు అందుకునేవారు. కొన్ని ఇళ్ళలో రాత్రంతా గానా పాడేవాళ్ళు కూర్చునేవారు, పోయినవాడి పేరు, వాడి రిక్షా, వాడి చేతి దెబ్బ, వాడి అప్పులు, అన్నీ పాటలోకి వచ్చేసేవి. మనవైపు ఆడవాళ్ళు రాగాలు తీసి శోకాలు పెట్టడం ఇలాంటిదే. మా పెద్దత్త శోకం ఎత్తుకుందంటే నెల్లూరు వీధి వీధంతా ఆగేది. 'నాకు గాజులు తెస్తానని సంతకి పోతివే నాయనా, సంత ఎత్తేసి ఎన్నాళ్ళాయె నాయనా' అని పోయిన తమ్ముణ్ణి నిలదీసేది. అడిగిన ప్రశ్న మళ్ళీ అడిగేది కాదు. అంత ఏడుపులోనూ ఏ చుట్టం రాలేదో లెక్క ఉండేది ఆమెకి, వాళ్ళ పేరు పెట్టి ఒక చరణం పడేది.

అవ్వ మేడ మీద పిట్టగోడ పట్టుకుని ఆ తమిళ ఒప్పారి వినేది. సగం మాటలు తెలియవు, పోయినవాళ్ళెవరో అసలే తెలియదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని చాలాసేపు నిలబడి, లోపలికొచ్చి 'ఆ రెండో పిల్ల బాగా ఏడుస్తోందిమే, గొంతు ఎక్కడా విరగలా' అనేది, కచేరీ విని వచ్చినట్టు. అమ్మకి ఇది నచ్చేది కాదు. ఊరివాళ్ళ చావులు వినడమేమిటని. అవ్వ వినే రోజుల్లో రాత్రి బాగా నిద్రపోయేదని నాకొక్కదానికే తెలుసు, ఆమె పక్కన పడుకునేది నేనే కదా.

*

చిన్నాన్న పోయినప్పుడు మాత్రం అవ్వకి నోట మాట రాలేదు. కొడుకు పోవడం వేరు. శోకం పెట్టలేదు, పెద్దత్త వచ్చి పట్టుకుని ఊపినా ఎత్తుకోలేదు. వచ్చినవాళ్ళంతా ధైర్యం తెచ్చుకో, గుండె రాయి చేసుకో అంటుంటే, ఎవరిని అంటున్నారా అన్నట్టు చూసేది.

మా పక్క సందులో రిటైరైన తెలుగు మాస్టారు ఒకాయన ఉండేవారు. నాన్న వెళ్ళి అడిగితే సాయంత్రాలు వచ్చి భారతం చదివారు. మామూలు రోజుల్లో ఇంట్లో చదవరాదని పెద్దవాళ్ళు భయపడే స్త్రీపర్వం. యుద్ధం అయిపోయాక ఆడవాళ్ళు రణరంగానికి వచ్చి ఎవరి శవం ఎవరిదో వెతుక్కునే పర్వం అది. అయితే అవ్వకి ముందు చెవిన పడింది కవి పేరు. తిక్కన అనగానే 'మా ఊరాయనే గదా' అంది, అన్ని రోజుల్లో మొదటిసారి నోరు తెరిచి. నెల్లూరు మనుమసిద్ధి రాజు దగ్గర ఉన్నాయన, విరాటపర్వం దగ్గర్నుంచి చివరిదాకా పదిహేను పర్వాలు తెలుగు చేసినాయన, అవ్వ లెక్కలో పెన్న ఒడ్డున ఎదురింటాయన.

మాస్టారు పద్యం చదివి, అర్థం చెప్పి, మధ్యలో వ్యాసుడు చెప్పినవి కూడా కలిపేవారు. గాంధారి ఒక్కొక్క కొడుకు దగ్గర ఆగి వాడి గురించి చెప్పి ఏడవడం, ఉత్తర అభిమన్యుడి ఒంటి మీద కవచం విప్పి గాయాలు చూడడం, భూరిశ్రవసుడి భార్య తెగిపడిన చేతిని ఒళ్ళో పెట్టుకోవడం. దుస్సల మొగుడి మొండెం దగ్గర నిలబడి తల కోసం అటూ ఇటూ పరిగెత్తడం చెప్పిన రోజు, మాస్టారు పుస్తకం మూసి లేవబోతుంటే అవ్వ అడిగింది. 'ఆ పిల్లకి తల దొరికిందా మాస్టారూ?'

ఆయన కాసేపు ఆలోచించి, 'లేదమ్మా, అర్జునుడి బాణం దాన్ని చాలా దూరం తీసుకుపోయి వాడి తండ్రి ఒళ్ళో పడేసింది' అన్నారు.

'అయ్యో తల్లీ' అని అవ్వ ఏడ్చింది. ఆ రాత్రంతా దుస్సల పేరు పెట్టుకునే ఏడ్చింది. మర్నాడు మాస్టారు వచ్చే వేళకి తనే చాప వేసి, దీపం సర్ది కూర్చుంది. చిన్నాన్న కార్డుకి నాన్న ఆ అడుగు అరలోదే వాడాడు, ఒక్క మాట మార్చలేదు, సొంత తమ్ముడని ఒక్క లైను కలపలేదు. అల్లుళ్ళకి వాళ్ళకి అది బాగా అనిపించలేదని తర్వాత తెలిసింది.

*

1996లో కొత్వాల్ చావిడి మార్కెట్‌ని కోయంబేడుకి తరలించేశారు. అదే ఏడు మద్రాసు చెన్నై అయింది. మార్కెట్ పోయాక మా సందులో పొద్దున పూట అరుపులు లేవు, క్యాబేజీ వాసన లేదు, బిల్ బుక్కులు వేయించే కమిషన్ కొట్లవాళ్ళూ అటే వెళ్ళిపోయారు. అప్పటికే కంప్యూటర్ మీద మ్యాటరు కంపోజు చేసే డీటీపీ సెంటర్లు వచ్చాయి. కంపోజిటర్ తాత కళ్ళు కనపడక ఊరెళ్ళిపోయాడు. ఇంకొన్నాళ్ళు లాగి నాన్న మిషను అమ్మేశాడు, అక్షరాలన్నింటినీ సీసం కొనేవాడు తూకానికి పట్టుకెళ్ళాడు. అడుగు అరలోది కూడా అందులోనే పోయింది. నేనప్పటికి ఉద్యోగంలో ఉన్నాను, ఆదివారం వచ్చేసరికి నేల కడిగేసి ఉంది.

నాన్న పోయి కొన్నేళ్ళయింది. ఆ రోజు మేనల్లుడు ఫోన్లో కార్డు తయారు చేస్తానని, మూలన దీపం, ఇంకో మూలన గులాబీ పెట్టి, 'అత్తా మ్యాటర్ చెప్పు' అన్నాడు. హాస్పిటల్ వరండాలో నిలబడి ఉన్నాను. అప్పటిదాకా ఎవరు పలకరించినా ఏం చెప్పాలో తెలియక టెన్షన్‌గా ఉంది, నోరు ఎండిపోతోంది. వాడు అడగ్గానే నా నోట్లోంచి కామాలతో సహా వచ్చేసింది. 'మా తండ్రిగారు' దగ్గర్నుంచి 'మిక్కిలి విచారించుచున్నాము', 'తామెల్లరు విచ్చేసి', 'ఇట్లు దుఃఖసంతప్తులు' దాకా. వాడు టైప్ చేస్తూ 'కొంచెం మామూలు తెలుగులో పెడదామా' అన్నాడు. వద్దన్నాను. పేరు దగ్గర ఆగి నాన్న పేరు చెప్పాను, ఇంటిపేరుతో సహా. అది చెప్పేదాకా నాకు ఏడుపు రాలేదు. చెప్పాక కూర్చుని ఏడ్చాను, తర్వాత లేచి అంబులెన్స్ వాళ్ళతో మాట్లాడాను.

పరామర్శ మెసేజీలని జనం వెక్కిరిస్తుంటారు. చేతులు జోడించిన బొమ్మ, 'ఓం శాంతి', 'ఆత్మకు శాంతి చేకూరాలి', కాపీ పేస్టులు అని. నాకు వాళ్ళతో కుదరదు. నేను ప్రతిదీ చదివాను, తడవకి పది వచ్చినా చదివాను, ఎవరూ కొత్తగా ఏమీ రాయకపోవడమే నాకు హాయిగా అనిపించింది. బాగా చదువుకున్న స్నేహితురాలొకామె మాత్రం దుఃఖానికి ఐదు దశలుంటాయని పొడుగ్గా పంపింది. నేను ఏ దశలో ఉన్నానో చూసుకున్నాను, ఒక పూటలోనే అటూ ఇటూ తిరుగుతున్నాను. ఆ దశల గురించి 1969లో రాసిన కుబ్లర్ రాస్ అనే డాక్టరమ్మ అసలు చెప్పింది తామే చనిపోబోతున్న రోగుల గురించట, మిగిలిపోయినవాళ్ళ గురించి కాదట. స్నేహితురాలి మనసు మంచిది, ఆమెతో ఈ సంగతి అనలేదు.

ఇప్పుడు మా అపార్ట్‌మెంటులో తెలుగువాళ్ళ ఇళ్ళలో ఎవరైనా పోతే మ్యాటరు నన్నే రాయమంటారు. నిన్న మూడో అంతస్తు కుర్రాడొచ్చాడు, వాళ్ళ నాయనమ్మ పోయింది. తెలుగు మాట్లాడతాడు గానీ చదవడం రాదు, రాశాక పైకి చదివి వినిపించమన్నాడు. కూర్చోమని టీ పెట్టాను. ఏం చేసేవారు, చెన్నై ఎప్పుడొచ్చారు అని అడిగితే, ఆవిడ చూళైలో ఇడ్లీలు అమ్మి ముగ్గుర్ని చదివించిన సంగతి, రేడియోలో తెలుగు వార్తలు వచ్చే టైముకి ఇడ్లీ పాత్ర దించేసి కూర్చునే సంగతి చెప్పుకుంటూ పోయాడు. టీ చల్లారిపోతే ఇంకోటి పెట్టాను. కార్డు ఇంకా వెళ్ళలేదు. వయసు ఎనభై నాలుగా, ఎనభై ఆరా అన్నది వాళ్ళ నాన్నా, మేనత్తా ఇంకా తేల్చుకోలేదు.